ఫ్రెంచ్ ఫారిన్ లీజియన్, దాని తెల్ల టోపీ: తరచుగా అడిగే ప్రశ్నలు

రిపబ్లిక్ డే పరేడ్‌లో తెల్ల టోపీలతో నెమ్మదిగా నడిచిన ఆ విదేశీ సైనికులు ఎవరు?

2024 జనవరి 26న కర్తవ్య పథ్‌లో కనిపించినవాళ్ళ గురించేగా? ఆ ఏడాది ముఖ్య అతిథి ఫ్రాన్స్ అధ్యక్షుడు మాక్రాన్ కాబట్టి వాళ్ళ దళం కూడా మనవాళ్ళతో పాటు కవాతు చేసింది. వచ్చినవాళ్ళు ఫ్రెంచ్ ఫారిన్ లీజియన్ సైనికులు. ఫ్రాన్స్ సైన్యంలో ఒక భాగమే, జీతం ఇచ్చేదీ ఫ్రాన్సే, కానీ మామూలు సైనికుల్లో ఎక్కువమంది ఫ్రాన్స్‌లో పుట్టినవాళ్ళు కారు. దాదాపు 9,000 మంది ఉంటారు, 140కి పైగా దేశాల నుంచి వచ్చినవాళ్ళు. ఆఫీసర్లు మాత్రం ఎక్కువగా ఫ్రెంచివాళ్ళే. ఢిల్లీకి వచ్చిన ఆ దళంలో భారతీయులు కూడా ఉన్నారని అప్పట్లో వార్తల్లో వచ్చింది, అది చూశాకే చాలామందికి "మనవాళ్ళు కూడా చేరొచ్చా?" అనే అనుమానం మొదలైంది. దాని సంగతి కింద చెప్తాను.

సొంత సైన్యం ఉండగా పరాయి దేశస్థులతో ఇంకో సైన్యం ఎందుకు?

1831 మార్చి 10న రాజు లూయీ ఫిలిప్ దీన్ని ఏర్పాటు చేశాడు. అప్పటికి ఫ్రాన్స్‌లో రెండు తలనొప్పులు. మొదటిది, యూరప్‌లో తిరుగుబాట్లు జరిగి ఎక్కడెక్కడి నుంచో వచ్చిన శరణార్థులు, రద్దయిపోయిన పాత విదేశీ రెజిమెంట్ల సైనికులు పని లేకుండా తిరుగుతున్నారు. రెండోది, అంతకు ముందు ఏడాదే అల్జీరియా మీద దండయాత్ర మొదలైంది, అక్కడికి వెళ్ళి చచ్చిపోవడానికి మనుషులు కావాలి. ఈ రెండింటికీ కలిపి ఒకటే మందు వేశారన్నమాట. అందుకే ఈ దళాన్ని ఫ్రాన్స్ గడ్డ బయటే వాడాలని మొదట్లోనే రాసుకున్నారు. రొమాన్స్ ఏమీ లేదు, పచ్చి లెక్క.

పరాయివాళ్ళని సైన్యంలో పెట్టుకోవడం హైదరాబాద్ వాళ్ళకి మరీ వింతగా అనిపించకూడదు. నిజాం దగ్గర అరబ్బులు ఉండేవాళ్ళు, ఆఫ్రికా నుంచి వచ్చిన సిద్దీలు ఉండేవాళ్ళు, ఏసీ గార్డ్స్ అనే పేటకి ఆ పేరు ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ వల్లే వచ్చింది. ఫ్రెంచివాడైన రేమండ్ అయితే నిజాం సైన్యంలోనే పెద్ద దళానికి అధిపతి అయ్యి, 1798లో ఇక్కడే పోయాడు, సమాధి ఇప్పటికీ ఉంది.

మొదటి నుంచీ తెల్ల టోపీయేనా?

కాదు. 1831లో వాళ్ళ నెత్తిన పెట్టింది షాకో, అంటే పొడుగ్గా, బరువుగా, డబ్బాలా ఉండే టోపీ. ఆ రోజుల్లో యూరప్ సైన్యాలన్నిటికీ అదే ఫ్యాషన్. పారిస్ చలిలో బాగానే ఉంటుంది కానీ అల్జీరియా ఎండలో అది నెత్తి మీద పొయ్యి పెట్టుకున్నట్టే. అందుకని అక్కడున్న దళాలు మెత్తటి గుడ్డతో కుట్టిన, ముందు చిన్న అంచు ఉన్న తేలికపాటి టోపీకి మారాయి. ఆ టోపీయే రాను రాను పొట్టిదై, పైన చదునుగా, గుండ్రంగా తయారై కెపీ అయింది. అది లీజియన్ సొంతమేమీ కాదు, ఫ్రెంచ్ సైన్యం మొత్తం పెట్టుకునేదే, అడుగు నీలం, పైభాగం ఎరుపు.

టోంకిన్ (ఇప్పటి ఉత్తర వియత్నాం), దహోమీ (ఇప్పటి బెనిన్), మడగాస్కర్ లాంటి చోట్లకి 1880ల్లో, 1890ల్లో వెళ్ళినప్పుడు కెపీ కూడా పక్కన పెట్టి, మన దగ్గర పాత ఇంగ్లీషు కలెక్టర్ల ఫోటోల్లో కనిపించే దొరల టోపీ తరహావి పెట్టుకున్నారు. కాబట్టి "లీజియన్ అంటే ఎప్పుడూ తెల్ల కెపీయే" అనేది సినిమాలు నేర్పిన మాట.

మరి తెలుపు ఎక్కడి నుంచి వచ్చింది?

ఈ కథలో నాకు బాగా నచ్చేది ఇదే. ముదురు రంగు కెపీ ఎండకి వేడెక్కకుండా, మాసిపోకుండా పైన ఒక గుడ్డ తొడుగు వేసేవాళ్ళు. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో మొరాకోలో తిరిగిన దళాలకి ఇచ్చిన తొడుగులు ఖాకీ రంగువి. ఉతికి, ఎండలో ఆరేసి, మళ్ళీ ఉతికి, మళ్ళీ ఆరేసి వాడేసరికి ఆ ఖాకీ వెలిసిపోయి తెల్లబడేది. కొత్తగా వచ్చినవాడి టోపీ మట్టిరంగులో ఉంటుంది, ఏళ్ళ తరబడి ఎడారిలో ఉన్నవాడి టోపీ తెల్లగా ఉంటుంది. చూడగానే ఎవడు పాతకాపో తెలిసిపోయేది. ఇక కుర్రాళ్ళు ఊరుకుంటారా? త్వరగా తెల్లబడాలని అదే పనిగా ఉతకడం మొదలుపెట్టారు.

పైఅధికారులెవరూ కూర్చుని డిజైన్ చేసింది కాదిది. సైనికులే దాన్ని గొప్పగా చూసుకున్నారు, సైన్యం తర్వాత ఒప్పుకుంది. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత కల్నల్ పాల్ రోలే అనే ఆయన లీజియన్ పాత ఆనవాయితీలన్నీ వెతికి మరీ మళ్ళీ నిలబెట్టాడు. పచ్చ, ఎరుపు రంగుల భుజాల కుచ్చులు, నడుముకి చుట్టే నీలం నడికట్టు లాంటివి మళ్ళీ వెలుగులోకి వచ్చింది ఆ కాలంలోనే. ఆయన్ని "లీజియన్ తండ్రి" అంటారు. చివరికి 1939లో తెల్ల తొడుగు వేసిన కెపీని లీజియన్ అధికారిక టోపీగా గుర్తించారు, అంటే దళం పుట్టిన 108 ఏళ్ళకి. ఇప్పుడైతే తొడుగు కూడా లేదు. 1990ల నుంచి టోపీనే పూర్తిగా తెల్లగుడ్డతో చేస్తున్నారు.

మెడ మీద వేలాడే గుడ్డ సంగతేంటి? సినిమాల్లో ఎప్పుడూ ఉంటుంది కదా.

ఒకప్పుడు ఉండేది, అబద్ధం కాదు. మెడ వెనక ఎండ తగిలి వడదెబ్బ కొట్టకుండా తొడుగుకి ఆ గుడ్డ జోడించేవాళ్ళు. అది కూడా లీజియన్ ఒక్కదానిదే కాదు, ఎండ దేశాల్లో పనిచేసిన వేరే సైన్యాలూ వాడాయి. ఇప్పటి యూనిఫాంలో అది లేదు. పాత హాలీవుడ్ సినిమాల వాళ్ళకి మాత్రం ఎడారి, కోట, ఆ గుడ్డ లేకపోతే సీన్ పండేది కాదు.

యానాం పోలీసుల ఎర్ర టోపీ కూడా ఇదేనా?

ఆకారం అదే, దళం వేరు. పుదుచ్చేరి పోలీసు కానిస్టేబుళ్ళు పెట్టుకునే ఎర్ర టోపీ ఫ్రెంచివాళ్ళు వదిలి వెళ్ళిన కెపీయే, యానాం ఆ పాలనలోదే కాబట్టి కాకినాడ వైపు వాళ్ళకి కెపీ ఎలా ఉంటుందో వేరే చెప్పక్కర్లేదు: గట్టిగా నిలబడే గుండ్రటి గోడ, పైన చదును, ముందు చిన్న అంచు. కెపీ అనేది ఫ్రాన్స్‌లో సైన్యం, పోలీసులు అందరూ వాడిన టోపీ. లీజియన్‌కి ప్రత్యేకమైంది ఆ తెలుపు మాత్రమే. యానాంలో లీజియన్ ఉండేదా అని కూడా కొందరు అడుగుతుంటారు, పోలీసుల టోపీకీ లీజియన్‌కీ సంబంధం ఏమీ లేదు.

లీజియన్‌లో అందరూ తెల్లదే పెట్టుకుంటారా?

లేదు, ఇక్కడే చాలామంది తడబడతారు. తెల్ల కెపీ కింది హోదాల వాళ్ళది, అంటే మామూలు లీజియనీర్లు, కార్పొరల్‌లు. సార్జెంట్ నుంచి పైకి, ఆఫీసర్ల దాకా, ముదురు రంగు అడుగు, ఎర్రటి పైభాగం ఉన్న పాత తరహా కెపీ పెట్టుకుంటారు. ప్రమోషన్ వస్తే తెల్ల టోపీ పోతుందన్నమాట! ప్రపంచమంతా ఫోటోలు తీసుకునే ఆ టోపీ ఆఫీసర్ల నెత్తిన ఉండదు, కష్టపడి నడిచేవాడి నెత్తిన ఉంటుంది. వేరే సైన్యాల్లో ఇలా తిరగేసి ఉండటం నేనెక్కడా చూడలేదు.

చేరిన రోజే ఇచ్చేస్తారా?

ఇవ్వరు. చేరినవాణ్ణి ముందు మార్సెయ్ పక్కనున్న ఓబాఞ్‌లో వడపోస్తారు. వైద్య పరీక్షలు, పరుగులు, మానసిక పరీక్షలు, గతం గురించి గుచ్చి గుచ్చి ప్రశ్నలు. అందులో నెగ్గినవాళ్ళని దక్షిణ ఫ్రాన్స్‌లోని కాస్టెల్నోదరీకి పంపుతారు, అక్కడ నాలుగు నెలల ప్రాథమిక శిక్షణ. మొదటి నెల ఊరికి దూరంగా ఒక పొలంలోని ఇంట్లో ఉంచుతారు, ఫోన్లు ఉండవు, నిద్ర సరిగ్గా ఉండదు, పదిమంది పది భాషలవాళ్ళు, వంటా గిన్నెలూ తుడవడాలూ అన్నీ వాళ్ళే. పాటలు పాడుతూ ఫ్రెంచ్ నేర్చుకుంటారు, అర్థం తెలియకముందే పాట నోటికి వచ్చేస్తుంది.

ఆ నెల చివర్లో "కెపీ బ్లాన్ మార్చ్", అంటే తెల్ల కెపీ నడక, ఉంటుంది. వీపు మీద బరువుతో రెండు రోజుల్లో 50 కిలోమీటర్ల పైనే నడవాలి. అరికాళ్ళు బొబ్బలెక్కి, భుజాలు ఒరుసుకుపోయి చేరుకున్నాక, చాలాసార్లు సాయంత్రం కాగడాల వెలుగులో, వరసగా నిలబెడతారు. టోపీ చేతిలో ఉంటుంది కానీ పెట్టుకోకూడదు. ఏడు అంశాలున్న గౌరవ నియమావళిని గట్టిగా అప్పజెప్పాలి, నిజాయితీతో విధేయతతో సేవ చేస్తామని మాట ఇవ్వాలి. అప్పుడు ఆజ్ఞ వస్తుంది, అందరూ ఒకేసారి టోపీ నెత్తిన పెట్టుకుంటారు. అప్పటిదాకా వాళ్ళు "చేరడానికి వచ్చినవాళ్ళు", ఆ క్షణం నుంచి లీజియనీర్లు.

రోజూ ఆ తెల్ల టోపీతోనే తిరుగుతారా? యుద్ధంలో కూడా?

తెల్ల టోపీ పెట్టుకుని యుద్ధానికి వెళ్తే శత్రువుకి గురి చూసుకునే శ్రమ తప్పించినట్టే. ఇప్పుడు యుద్ధంలో హెల్మెట్టే. రోజువారీ పనులకి ఆకుపచ్చ బెరే, అంటే అంచు లేని మెత్తటి టోపీ, ఉంది. మొదట అది లీజియన్ పారాట్రూపర్లకి మాత్రమే ఉండేది, 1959 నుంచి అందరికీ ఇచ్చారు. కెపీ కవాతులకి, కాపలా లాంఛనాలకి, సెలవు మీద ఊళ్ళోకి వెళ్ళేటప్పుడు. రెండో ప్రపంచ యుద్ధంలో మాత్రం లీజియన్‌లోని 13వ డెమీ బ్రిగేడ్ అనే దళం వాళ్ళు ఒంటి మీద బ్రిటిష్ యూనిఫాం, నెత్తిన తెల్ల కెపీతో లిబియా ఎడారిలో కనిపించారు. యూనిఫాం ఎవరిచ్చినా టోపీ మాది అన్నట్టు.

లిబియా అంటే బిర్ హకీమ్ యుద్ధమేనా? అక్కడ మన సైనికులు కూడా ఉన్నారంటారు, నిజమేనా?

నిజమే. 1942 మే చివరి నుంచి జూన్ 11 దాకా, జనరల్ కోనిగ్ కింద ఉన్న 3,700 మంది ఫ్రెంచ్ దళం జర్మన్ జనరల్ రోమెల్ సైన్యాన్ని బిర్ హకీమ్ దగ్గర ఆపింది, వాళ్ళలో లీజియన్ వాళ్ళు ప్రధానం. దానికి దక్షిణాన కొద్ది దూరంలోనే మన మూడో ఇండియన్ మోటార్ బ్రిగేడ్ ఉంది. మే 27 పొద్దున్నే ఇటాలియన్ ట్యాంకులు ఆ బ్రిగేడ్ మీద పడి చెల్లాచెదురు చేశాయి. పట్టుబడ్డవాళ్ళలో వందల మందిని తిండి, నీళ్ళు పెట్టలేక ఎడారిలో వదిలేస్తే, దాహంతో నాలుకలు పిడచగట్టుకుపోయి నడుచుకుంటూ బిర్ హకీమ్ చేరారు. అక్కడ ముట్టడిలో ఉన్నవాళ్ళకే నీళ్ళు కొలతేసి పోస్తున్న రోజులవి. అయినా వీళ్ళని లోపలికి తీసుకున్నారు. మన పాఠ్యపుస్తకాల్లో ఈ ముక్క ఎక్కడా కనపడదు, బాధగా ఉంటుంది.

చెక్క చెయ్యిని ఊరేగిస్తారట, ఎవరిది అది?

కెప్టెన్ జాన్ దాంజూది. 1853లో తుపాకీ పేలి ఎడమ చెయ్యి పోతే, కీళ్ళున్న చెక్క చెయ్యి చేయించుకుని ఉద్యోగంలో కొనసాగాడు. ఫ్రాన్స్ మెక్సికో మీద దండెత్తిన రోజుల్లో, 1863 ఏప్రిల్ 30న అక్కడి కామెరోన్ అనే చోట, బంగారం, ఫిరంగి సామాను తీసుకొస్తున్న బండ్ల వరసకి దారి కాయడానికి ముగ్గురు ఆఫీసర్లు, 62 మంది సైనికులు బయల్దేరారు. దాదాపు 2,000 మంది మెక్సికన్లు చుట్టుముట్టారు. ఒక పాత లోగిలిలో దూరి పొద్దుటి నుంచి సాయంత్రం దాకా, నీళ్ళు కూడా లేకుండా పోరాడారు. దాంజూ మధ్యలోనే చనిపోయాడు, లొంగిపోబోమని తనవాళ్ళ చేత ముందే ఒట్టు వేయించుకున్నాడు. చివరికి మిగిలింది లెఫ్టినెంట్ మొదే, ఇంకో నలుగురైదుగురు. గుళ్ళు అయిపోయాక బాయ్‌నెట్లు బిగించి ఎదురు పరిగెత్తారు. బతికి బట్టకట్టినవాళ్ళు ఆయుధాలు మా దగ్గరే ఉండనిస్తే, గాయపడ్డవాళ్ళని చూసుకోనిస్తేనే ఆగుతామన్నారు, మెక్సికన్ ఆఫీసరు ఒప్పుకున్నాడు.

ఆ చెక్క చెయ్యి తర్వాత దొరికింది, ఇప్పుడు ఓబాఞ్‌లో ఉంది. ఏటా ఏప్రిల్ 30న ఒక మాజీ సైనికుడు దాన్ని రెండు చేతులతో పట్టుకుని కవాతు మైదానంలో నడుస్తాడు. లీజియన్‌కి అంతకు మించిన పండుగ లేదు. ఒక్క మాట మాత్రం అనుకోవాలి. మెక్సికన్ల వైపు నుంచి చూస్తే వాళ్ళు తమ దేశం మీదకి వచ్చినవాళ్ళని ఎదుర్కొన్నారు, ఆ రోజు యుద్ధం గెలిచిందీ వాళ్ళే.

అంటే లీజియన్ చేసిందంతా గొప్పేనా?

ఎలా అవుతుంది? పుట్టిందే అల్జీరియాని ఆక్రమించడానికి. వంద ఏళ్ళకి పైగా వలసరాజ్యం చేతిలో కర్రగా పనిచేసింది, ఆ కర్ర దెబ్బలు తిన్నవాళ్ళ జ్ఞాపకాల్లో తెల్ల కెపీకి వేరే అర్థం ఉంది. ఇండోచైనాలో పదివేల మందికి పైగా లీజియనీర్లు చనిపోయారు, 1954 మే 7న వియత్నాంలోని దియెన్ బియెన్ ఫూ స్థావరం పడిపోవడంతో అది ముగిసింది. తర్వాత అల్జీరియా స్వాతంత్ర్య యుద్ధం. 1961 ఏప్రిల్‌లో కొందరు జనరల్స్ ఫ్రాన్స్ అధ్యక్షుడు డీగాల్ మీద తిరుగుబాటు చేస్తే లీజియన్ మొదటి పారాచూట్ రెజిమెంట్ వాళ్ళ పక్షాన నిలిచింది, దాన్ని రద్దు చేసేశారు. రద్దు చేసింది ఏ రోజో తెలుసా? ఏప్రిల్ 30. మరుసటి ఏడాది అల్జీరియా విడిపోయింది, సిదీ బెల్ అబ్బెస్‌లోని ముఖ్య స్థావరం మూటాముల్లె సర్దుకుని ఓబాఞ్‌కి వచ్చేసింది.

ఎందుకంత నెమ్మదిగా నడుస్తారు? ఆ గడ్డాలు, గొడ్డళ్ళు ఏంటి?

నిమిషానికి 88 అడుగులు, మిగతా ఫ్రెంచ్ దళాలు 120 దాకా వేస్తాయి. పాత రాజుల కాలం నాటి రెజిమెంట్ల నడక అది. దానివల్ల ఫ్రాన్స్ జాతీయ దినం జూలై 14 కవాతులో కాలినడక దళాల్లో వీళ్ళని చివరికి పెడతారు, లేకపోతే వెనకవాళ్ళు వచ్చి గుద్దుకుంటారు. ముందు వరసలో గుబురు గడ్డం, తోలు ఏప్రాన్, భుజాన గొడ్డలితో నడిచేవాళ్ళు పయనీర్లు, ఒకప్పుడు సైన్యానికి దారి కొట్టేవాళ్ళు. ఇప్పుడు లాంఛనమే.

నేరాలు చేసి పారిపోయినవాళ్ళు పేరు మార్చుకుని చేరతారట కదా?

ఒకప్పుడు పెద్దగా అడిగేవాళ్ళు కాదు, అది నిజం. ఇప్పుడు వేలిముద్రలు, ఇంటర్‌పోల్ తనిఖీ అన్నీ ఉంటాయి, పెద్ద కేసులున్నవాడికి తలుపు మూసే ఉంటుంది. పేరు మార్చి చేర్చుకునే పద్ధతి ఇంకా ఉంది, తర్వాత అసలు పేరుకి మారొచ్చు. కిరాయి సైన్యం అనడం కూడా సరికాదు, ఒక దేశపు అధికారిక సైన్యంలో సభ్యుడైనవాడు అంతర్జాతీయ చట్టం ప్రకారం కిరాయి సైనికుడు కాడు.

ఆడవాళ్ళు ఎప్పుడైనా ఉన్నారా?

ఒక్కరే, సుసాన్ ట్రావర్స్ అనే ఇంగ్లీషావిడ. బిర్ హకీమ్ నుంచి రాత్రిపూట మందుపాతరల మధ్యలోంచి తప్పించుకున్నప్పుడు కోనిగ్ కారు నడిపింది ఆవిడే. యుద్ధం అయ్యాక ఆవిణ్ణి అధికారికంగా లీజియన్‌లో చేర్చుకున్నారు. ఇప్పటికీ లీజియనీర్లుగా మగవాళ్ళనే తీసుకుంటారు.

మనవాళ్ళు చేరొచ్చా? ఏజెంట్ ఇంత డబ్బు అడుగుతున్నాడు...

ఏజెంట్ అన్నాడంటేనే అది మోసం, ఇంకేం ఆలోచించకండి. లీజియన్‌లో చేరడానికి ఫీజు లేదు, ఏజెంట్లు లేరు, వీసా ఇప్పించరు, టికెట్ కొనరు. పదిహేడున్నర నుంచి ముప్పై తొమ్మిదిన్నర ఏళ్ళ లోపు మగవాడు, చెల్లుబాటయ్యే పాస్‌పోర్టుతో, తన ఖర్చుతో ఫ్రాన్స్ వెళ్ళి, రిక్రూటింగ్ కేంద్రం తలుపు తట్టాలి, అంతే. వచ్చినవాళ్ళలో ఎక్కువమందిని వెనక్కి పంపేస్తారు. మొదటి ఒప్పందం ఐదేళ్ళు, మధ్యలో నచ్చలేదని రావడం కుదరదు. మూడేళ్ళ తర్వాత ఫ్రెంచ్ పౌరసత్వానికి అడగొచ్చు, యుద్ధంలో గాయపడితే అంతకంటే ముందే, కానీ అది తీసుకున్న రోజు మన పౌరసత్వం పోతుంది, భారత్‌లో రెండు పౌరసత్వాలు చెల్లవు.

2024లో తెలంగాణ కుర్రాళ్ళు కొందరు ఉద్యోగాలని ఏజెంట్ల మాట నమ్మి రష్యా వెళ్ళి యుద్ధంలో ఇరుక్కున్న సంగతి పేపర్లలో చదివే ఉంటారు. అది వేరే దేశం, వేరే సైన్యం, కానీ ఏజెంట్ మాట తీరు మాత్రం ఎక్కడైనా ఒకటే. ఇంట్లో చెప్పకుండా అప్పు చేసి టూరిస్ట్ వీసా మీద వెళ్దామనుకునేవాళ్ళు, అక్కడ కాదంటే తిరిగొచ్చే టికెట్ డబ్బులు చేతిలో ఉన్నాయో లేదో ముందు చూసుకోండి.

స్పెయిన్‌కి కూడా లీజియన్ ఉందిగా, వాళ్ళ టోపీ?

ఉంది, 1920లో పెట్టారు. వాళ్ళది తెల్ల కెపీ కాదు, ముందు కుచ్చు ఊగే పచ్చటి మడత టోపీ, దాన్ని చపిరీ అంటారు. పేరు లీజియన్ అయినా అందులో మొదటి నుంచీ స్పెయిన్ వాళ్ళే ఎక్కువ.

ఆ తెల్ల కెపీ కొనుక్కోవచ్చా?

ఆన్‌లైన్‌లో నకళ్ళు దొరుకుతాయి. అలంకారానికి అల్మరాలో పెట్టుకుంటే ఎవరూ ఏమీ అనరు, ఫ్రాన్స్ వెళ్ళినప్పుడు పెట్టుకుని మార్సెయ్ బార్లో మాత్రం కూర్చోకండి, పక్క టేబుల్ మీద దాని కోసం నడిచినవాడు ఉండొచ్చు. అసలైనవి చూడాలంటే ఓబాఞ్‌లో లీజియన్ మ్యూజియం ఉంది, మార్సెయ్ నుంచి దగ్గరే. ఇంకా ఓపిక ఉంటే ప్యూలూబియే అనే పల్లెకి వెళ్ళండి, వయసు మళ్ళిన, గాయపడ్డ లీజియనీర్లు ఉండే ఆశ్రమం అక్కడుంది, చుట్టూ ద్రాక్ష తోటలు, వాళ్ళు చేసే వైన్ అక్కడే అమ్ముతారు.